పేరు అచ్చుకాని సీరియళ్లు

నూజివీడు వైపు రసాలు పండే రోజులూ బడిపిల్లల వేసవి సెలవులూ ఒకేసారి వస్తాయి. ఒకప్పుడు ఆ సెలవుల్లో పిల్లలు పోటీపడి చదివిన పత్రిక చందమామ. అందులో ముందు తెరిచేది సీరియల్ పేజీలే. వాటిని రాసినాయన పేరు మాత్రం ఎక్కడా ఉండేది కాదు.

ఆయన దాసరి సుబ్రహ్మణ్యం. 1932లో గుంటూరు జిల్లాలో పుట్టారు.

నాగిరెడ్డి, చక్రపాణి కలిసి 1947 జూలైలో చందమామను మొదలుపెట్టారు. 1952లో కొడవటిగంటి కుటుంబరావు సంపాదక బాధ్యత తీసుకున్నారు. ఇరవై ఏళ్ల దాసరి కూడా ఆ ఏడే మద్రాసు కార్యాలయంలో చేరారు. అప్పటికి పత్రిక నిండా జానపద కథలూ జాతక కథలూ పురాణాలూ ఉండేవి. చాలావరకు ఒక సంచికలో మొదలై ఆ సంచికలోనే ముగిసేవి. 1954లో దాసరి మొదటి సీరియల్ ‘తోకచుక్క’తో పిల్లలకు వచ్చే నెల కోసం ఎదురుచూడటం అలవాటైంది.

ఆ తర్వాత మకరదేవత, ముగ్గురు మాంత్రికులు, కంచుకోట, జ్వాలాద్వీపం... అలా మొత్తం పన్నెండు సీరియళ్లు. ‘శిథిలాలయం’ చూడండి. అడవి బిడ్డ శిఖిముఖికి విక్రమకేసరి స్నేహితుడు. ఇద్దరూ ఒకరి కోసం ఒకరు ప్రాణాలకు తెగిస్తారు. కులగోత్రాల ఊసు లేని ఆ స్నేహాన్ని దాసరి పాఠంలా బోధించలేదు, కథలో నడిపించి చూపారు. మాంత్రికులు ఎంత భయపెట్టినా చివరికి గెలిచేది ధైర్యమూ తెలివీ. హేతువాద భావాలున్న మనిషి మాయల కథ రాస్తే ఇలాగే ఉంటుంది. ఆయన మాటలకు చిత్రకారుడు ‘చిత్ర’ గీసిన బొమ్మలు తోడయ్యాయి. ఆ రాక్షసుల ముఖాలు తెలిసిన తరానికి రచయిత ముఖం తెలియదు. ఇతర భాషల చందమామల్లో అవే కథలు చదివిన పిల్లలకూ తెలియదు.

‘భల్లూక మాంత్రికుడు’తో ఆ వరస ముగిసింది. తర్వాత చందమామ ఆయన పాత సీరియళ్లనే మళ్లీ అచ్చువేసింది. అంత ఊహాశక్తి ఉన్న కలం చేత కొత్త సీరియల్ రాయించుకోకపోవడం తెలుగు పిల్లలకు నిజమైన నష్టం. 2006 దాకా ఆయన అదే కార్యాలయంలో పనిచేశారు.

పెద్దయిన పాఠకులు తమ చిన్ననాటి రచయిత ఎవరని వెతికి వెతికి ఆయన్ను కనుక్కున్నారు. 2010 జనవరిలో ఆయన విజయవాడలో కన్నుమూశారు. ఆ తర్వాత ఆయన కథలు పుస్తకాలుగా వచ్చాయి. ఈసారి అట్టమీద దాసరి సుబ్రహ్మణ్యం అని పేరుంది.