రజాకార్ అన్న మాట వెనుక

రజాకార్ అంటే తన ఇష్టం మీద పనిచేసేవాడు, స్వచ్ఛంద సేవకుడు. ఇంత మంచి అర్థం గల మాట తెలుగునోట తిట్టుగా ఎలా మారిందో తెలుసుకోవాలంటే మజ్లిస్ ఇత్తెహాదుల్ ముస్లిమీన్ చరిత్ర చూడాలి.

1927లో హైదరాబాదులో పుట్టినపుడు ఈ సంస్థ ఉద్దేశం ముస్లిములలోని వివిధ శాఖలవారిని కలపడమే. 1938లో బహాదుర్ యార్ జంగ్ అధ్యక్షుడయ్యాక స్వరం మారింది. రాజ్యాధికారం ముస్లిం సమాజం మొత్తానిదనీ, నిజాం దానికి ప్రతీక మాత్రమేననీ ఆయన వాదించాడు. 'అనల్ మాలిక్', అంటే 'నేనే ప్రభువును' అన్న నినాదం ఆ వాదానిదే. 1941 జనాభా లెక్కలలో రాజ్యంలోని సుమారు 1 కోటి 63 లక్షల మందిలో ముస్లిములు ఎనిమిదో వంతు. తెలుగువారు దాదాపు సగం. ప్రజాప్రభుత్వం వస్తే కొలువులూ, ఉర్దూకున్న అధికారస్థానమూ పోతాయన్న భయం ఈ అంకెలలోనే ఉంది. ఆ వాదంలో మతం పాలు ఎంతో కొలువుల పాలూ అంతేనని మేము భావిస్తున్నాము. బహాదుర్ యార్ జంగ్ 1944లో మరణించాడు.

1946లో పగ్గాలు లాతూరు వకీలు కాసిం రజ్వీ చేతికి వచ్చాయి. 1947 అక్టోబరు 27న నిజాం ప్రతినిధులు ఢిల్లీకి బయలుదేరకుండా ఇత్తెహాద్ జనం వారి ఇళ్లను చుట్టుముట్టారు. ప్రధాని ఛత్తారీ నవాబు తప్పుకున్నాడు. ప్రతీక అన్న మాట నిజాం విషయంలో అక్షరాలా నిజమైంది! 1948లో బీదరు జిల్లా గోర్టాలోనూ, తెలంగాణలో బైరాన్‌పల్లిలోనూ రజాకార్ల చేతుల్లో ఊళ్లు నెత్తురోడాయి. విలీనాన్ని సమర్థించిన 'ఇమ్రోజ్' సంపాదకుడు షోయబుల్లా ఖాన్ ఆ ఆగస్టులో హత్యకు గురయ్యాడు. ఆయన ముస్లిమే.

సెప్టెంబరు 13న మొదలైన సైనికచర్య 17న ముగిసింది. రజ్వీ 1957 దాకా జైలులో ఉండి పాకిస్తాన్ వెళ్లిపోయాడు. ఆ తరువాత అబ్దుల్ వాహిద్ ఒవైసీ పునరుద్ధరించిన మజ్లిస్ భారత రాజ్యాంగానికి లోబడి ఎన్నికలలో నిలిచే పార్టీ. 2012లో అది నాందేడు నగరపాలికలో 11 స్థానాలు గెలిచింది. పేరు ఒకటైనంత మాత్రాన రెండింటినీ ఒకే గాటన కట్టడం చరిత్ర కాదు.

సైనికచర్య వెంట ముస్లిములపై జరిగిన హత్యాకాండ గురించి మాత్రం తక్కువ విన్నాము. కేంద్రం పంపిన సుందర్‌లాల్ బృందం మృతులను 27 వేల నుంచి 40 వేలుగా అంచనా వేసింది. ఎక్కువ నష్టపోయినవి నాటి ఉస్మానాబాదు, గుల్బర్గా, బీదరు, నాందేడు జిల్లాలని తేల్చింది. ఆ నివేదిక చాలాకాలం పాఠకులకు అందలేదు. వీటిలో చివరి మూడింటా తెలుగు కుటుంబాలు తరతరాలుగా ఉన్నాయి. ఆ వారాల గురించి ఆ ఇళ్లలో ఏమి చెప్పుకున్నారో ఇంకా అడిగి రాసుకోవలసే ఉంది.