మేం కొట్టిన కంకర

గిద్దలూరు నుంచి బేస్తవారిపేట మీదుగా కంభం పోయే రోడ్డు నలభై కిలోమీటర్లు కూడా ఉండదు. ఒక పక్క నల్లమల, ఇంకో పక్క మెట్ట చేలు. చాలా ఏళ్లు రాష్ట్ర రహదారిగా ఉండి, తర్వాత అనంతపురం–గుంటూరు జాతీయ రహదారిలో కలిసింది. దాని పక్కన ఒక ఊరు మాది. అంటే ఊరు వాళ్లది, పల్లె మాది.

బస్సు ఊరి కాడ ఆగుతుంది. పల్లెకి పోవాలంటే ఊరి వీధి దాటి, వాగు దాటి నడవాల. చిన్నప్పుడు మా అవ్వని అడిగా, మన పల్లెకి రోడ్డు ఎందుకు రాలేదని. "మనం కొట్టిన కంకరంతా ఆడనే పరిచిరి గదరా. మనకేం మిగిలె?" అంది.

ఆ మాట చదువుకున్నాక అర్థమైంది. 1876–78లో వచ్చిన కరువుని మా పెద్దోళ్లు ధాత కరువు అంటారు. అప్పుడు కంభం, మార్కాపురం తాలూకాలు మద్రాసు ప్రెసిడెన్సీలో కర్నూలు జిల్లా కింద ఉండేవి. బతకాలంటే కరువు పనికి పోవాల. రోడ్లకి కంకర కొట్టడం అందులో ఒకటి. 1877లో రిచర్డ్ టెంపుల్ దొర కూలి తగ్గించాడు. రోజుకి ఒక పౌను గింజలు, పైన ఒక అణా చాలన్నాడు. పౌను అంటే అరకిలో కన్నా తక్కువ. ఆ తిండితో రాళ్లు కొట్టే మనిషి బతకడని మద్రాసు శానిటరీ కమిషనర్ కార్నిష్ పోట్లాడాడు. సర్కారు కూలీల లెక్కలు రాసింది. పేర్లు రాయలేదు.

రోడ్డు వెయ్యడానికి పనికొచ్చాం. నడవడానికి పనికిరాలేదు. ప్రజల రోడ్లు, వీధులు, బావుల కాడ ఏ కులం వాళ్లనీ అడ్డగించకూడదని 1924లో రెట్టమలై శ్రీనివాసన్ మద్రాసు శాసనమండలిలో తీర్మానం నెగ్గించాడు. 1950లో వచ్చిన రాజ్యాంగం 15వ అధికరణంలో బావులు, చెరువులతో పాటు రోడ్లనీ చేర్చింది. రాజ్యాంగంలో రోడ్డు సంగతి ఎందుకని ఊళ్లోవాళ్లు అడగొచ్చు. మేం అడగం.

మా నాయన చెప్పులు కుట్టేవాడు. ఊళ్లో రైతుల కాళ్లకి ఆయన కుట్టినవే. ఆయన మాత్రం బస్సు దిగి ఊరి వీధిలో అడుగుపెట్టే ముందు తన చెప్పులు విప్పి చంకలో పెట్టుకునేవాడు. 1970లో మా తాలూకాలని కర్నూలు నుంచి తీసి కొత్త ఒంగోలు జిల్లాలో కలిపారు. 1972లో దానికి ప్రకాశం పేరు పెట్టారు. జిల్లా మారింది, పేరు మారింది. నాయన చంకలో చెప్పులు మారలేదు.

నేను హాస్టల్లో పదో తరగతి చదివేటప్పుడు సెలవులకి వచ్చి బస్సు దిగా. కాళ్లకి నాయన కుట్టిన కొత్త చెప్పులు. "ఏరా, చెప్పులు కాళ్లకెక్కినయ్యే!" అన్నాడు అరుగు మీద ఒకాయన. గుండె దడదడ కొట్టుకుంటోంది. అయినా విప్పలేదు. పొద్దుగూకినాక నాయన్ని పిలిపించారు. ఆడ ఏం జరిగిందో ఆయన ఎన్నడూ చెప్పలేదు. వచ్చి నన్ను తిట్టనూ లేదు. నా చెప్పు తిరగేసి చూసి, "కుట్టు గట్టిగానే ఉందిలేరా" అన్నాడు.

సెలవులయ్యాక నన్ను బస్సెక్కించడానికి వచ్చాడు. వాగు దాటి, వీధి మొగదల ఒక్క నిమిషం నిలబడ్డాడు. చెప్పులు విప్పలేదు. ఇద్దరం నడిచి రోడ్డెక్కాం.

ఆ రోడ్డు చరిత్ర ఎవరన్నా రాస్తే, ఆ వీధిలో మేం నడిచిన నాలుగడుగులూ రాయాల.