జీగెన్‌లో కంపెనీ ఇల్లు, సర్కారు ఇల్లు: ఖాళీ చేయమంటే ఏ కాగితం, ఏ కోర్టు

"కాంట్రాక్టు అయిపోయింది, శుక్రవారంలోగా రూమ్ ఖాళీ చెయ్యండి" అని వాట్సాప్‌లో మెసేజ్ వస్తే ఎవరికైనా కాళ్లూ చేతులూ ఆడవు. ఊళ్లో ఇంటివాళ్లకు చెప్పాలా వద్దా అన్న బాధ ఇంకొకటి. కానీ జర్మనీ చట్టం ప్రకారం ఆ మెసేజ్ నోటీసే కాదు. అద్దె ఇంటికి నోటీసు సంతకం పెట్టిన కాగితం మీద రావాలి. దాన్ని ఇక్కడ క్యుండిగుంగ్ అంటారు. వాట్సాప్, మామూలు ఈమెయిల్, నోటిమాట చెల్లవు. అయితే ఇది అద్దె ఒప్పందం ఉన్నవాళ్ల సంగతి. ఇల్లు ఎవరిది, మీకు ఏ కాగితం మీద ఇచ్చారు అన్నదాన్ని బట్టి గడువులు, కోర్టు అన్నీ మారిపోతాయి.

రైల్వే క్వార్టర్లలో, విశాఖ ఉక్కు క్వార్టర్లలో పెరిగినవాళ్లకు మన దేశపు పద్ధతి తెలుసు. అక్కడ 1971 నాటి పబ్లిక్ ప్రెమిసెస్ చట్టం కింద ఎస్టేట్ ఆఫీసరే నోటీసిచ్చి, విచారణ జరిపి, ఖాళీ చేయిస్తాడు. మామూలు సివిల్ కోర్టులో దావా వేసే వీల్లేదు. ఆర్డరు మీద 12 రోజుల్లో జిల్లా జడ్జి దగ్గర అప్పీలుకు వెళ్లాలి. ఇక్కడా కంపెనీ మేనేజరుకు అలాంటి అధికారమేదో ఉంటుందనుకుని మనవాళ్లు పెట్టె సర్దేసుకుంటారు. మేనేజరుకు ఆ అధికారం లేదు.

కంపెనీ ఇళ్లు రెండు రకాలు. ఉద్యోగ ఒప్పందం వేరుగా, అద్దె ఒప్పందం వేరుగా ఉంటే, ఉద్యోగం పోయినంత మాత్రాన ఇల్లు పోదు. అద్దెకు విడిగా నోటీసు ఇవ్వాలి. మీరు అందులో పదేళ్లు నిండకుండా ఉండి, ఆ ఇల్లు ఇంకో కార్మికుడికి కావాల్సి వస్తే, సివిల్ కోడ్ 576వ సెక్షన్ కింద నెలలో మూడో పనిదినంలోపు నోటీసిచ్చి, ఆ పై రెండో నెలాఖరుకు ఖాళీ చేయమనవచ్చు. మార్చి మొదట్లో ఇస్తే మే 31 అన్నమాట. పని కోసం అక్కడే ఉండి తీరాల్సిన ఇల్లయితే, ఉదాహరణకు కాపలా మనిషి ఇల్లు, గడువు ఇంకా తక్కువ. రెండో రకంలో ఇల్లు ఉద్యోగ ఒప్పందంలోనే భాగం. ఉద్యోగంలో ఉండగా దాని మీద గొడవ వస్తే జీగెన్ లేబర్ కోర్టుకు వెళ్తుంది. సామాన్లు ఎక్కువ భాగం మీవే అయినా, కుటుంబంతో ఉంటున్నా, ఉద్యోగం అయిపోయాక దానికీ అద్దె చట్టమే వర్తిస్తుంది.

చంటిబిడ్డ ఉన్నా, జబ్బు ఉన్నా, వేరే ఇల్లు దొరక్కపోయినా అభ్యంతరం రాసివ్వవచ్చు. గడువుకు రెండు నెలల ముందే ఇవ్వాలి. ఒక మెలిక ఉంది. కంపెనీ ఇంట్లో ఉంటూ, కంపెనీ తప్పేమీ లేకుండా మీరే రాజీనామా చేస్తే ఈ అభ్యంతరం చెల్లదు. అందుకే "నువ్వే రాజీనామా రాసివ్వు, పని సులువవుతుంది" అంటే తొందరపడొద్దు. ఫలానా తేదీకి ఇల్లు వదిలేస్తానని రాసిన కాగితం మీదా చదవకుండా సంతకం పెట్టొద్దు.

మీరు వెళ్లకపోతే ఓనరు జీగెన్ ఆమ్ట్స్‌గెరిష్ట్‌లో, అంటే స్థానిక కోర్టులో, దావా వేయాలి. ఆ కాగితాలు పసుపుపచ్చ కవరులో వస్తాయి. డబ్బాలో వేసినా మీకు అందినట్టే లెక్క, కవరు మీద తేదీ రాసి ఉంటుంది. కవరు పారేయొద్దు. సాధారణంగా రెండు వారాల్లో "నేను కేసు ఎదుర్కొంటాను" అని కోర్టుకు రాయాలి. రాయకపోతే మీరు లేకుండానే తీర్పు వచ్చేస్తుంది, దాని మీద అభ్యంతరానికి మళ్లీ రెండు వారాలే. ఓడిపోయినా ఖాళీ చేయడానికి కోర్టు గడువు ఇవ్వవచ్చు, అది మొత్తం మీద ఏడాది దాటదు. చివరికి ఖాళీ చేయించేది కోర్టు అమీనా ఒక్కడే, అతనూ కనీసం మూడు వారాల ముందు చెప్పాలి.

అద్దె బాకీ విషయంలో చట్టం కఠినం. వరుసగా రెండు నెలల్లో కలిపి ఒక నెల అద్దెకు మించి బాకీ పడినా, ఎక్కువ కాలంలో రెండు నెలల అద్దె పేరుకున్నా, గడువు లేకుండా నోటీసు ఇవ్వవచ్చు. దావా అందిన రెండు నెలల్లో మొత్తం కట్టేస్తే ఆ నోటీసు రద్దవుతుంది. అయితే ఓనరు దానితోపాటు గడువుతో కూడిన మామూలు నోటీసు కూడా ఇచ్చి ఉంటే అది రద్దు కాదు. ఫెడరల్ కోర్టు 2021 అక్టోబరులో ఇదే మాట మళ్లీ చెప్పింది.

సెలవుకు ఊరెళ్లినప్పుడు తాళం మార్చేస్తే? 2010 జూలై 14న ఫెడరల్ కోర్టు తీర్పిచ్చిన కేసు చూడండి. అద్దెకున్న మనిషి నెలల తరబడి కనిపించలేదు, రెండు నెలల అద్దె రాలేదు. ఓనరు నోటీసిచ్చి, కోర్టుకు పోకుండా తలుపు తెరిచి సామాన్లు తీయించాడు. అది చట్టవిరుద్ధం, పోయిన సామానుకు ఓనరే బాధ్యుడు అని కోర్టు చెప్పింది. కాబట్టి వెళ్లేముందు గదిని, వస్తువులను ఫోటోలు తీసుకోండి. తాళం మారితే స్థానిక కోర్టు నుంచి అత్యవసర ఆదేశం తెచ్చుకోవచ్చు.

ఇక సర్కారు ఇల్లు. మున్సిపాలిటీ మీతో మామూలు అద్దె ఒప్పందం రాసుకుంటే అది కూడా ఏ ఓనరుకైనా ఉండే చట్టానికే లోబడాలి, కేసు కూడా అదే కోర్టులో. ఇల్లు లేక ఇబ్బందిలో ఉన్నవాళ్ల కోసమని ముందే చెప్పి ఇచ్చిన ఇంట్లో మాత్రం ఓనరు కారణం చూపాలన్న రక్షణ ఉండదు. విద్యార్థుల హాస్టళ్లలోనూ అంతే. నిలువ నీడ లేనివాళ్లకు ఆర్డ్‌నుంగ్స్‌ఆమ్ట్ ఉత్తర్వుతో కేటాయించే గది అసలు అద్దె ఇల్లే కాదు. అక్కడి నుంచి పొమ్మంటే ఆ ఉత్తర్వు మీద ఒక నెలలోపు ఆర్న్స్‌బెర్గ్ అడ్మినిస్ట్రేటివ్ కోర్టుకు వెళ్లాలి. వెంటనే అమలు అని అందులో రాసి ఉంటే కేసు వేసినంత మాత్రాన ఆగదు, స్టే కోసం విడిగా అడగాలి.

ఇల్లు అమ్ముడుపోతే భయం అక్కర్లేదు. కంపెనీ అమ్మినా, సర్కారు అమ్మినా, మీ అద్దె ఒప్పందం అవే షరతులతో కొత్త ఓనరు మీదికి వెళ్తుంది. "నేనే కొత్త ఓనరుని, అద్దె నా ఖాతాకు వెయ్యి" అని ఎవరైనా అంటే పాత ఓనరు నుంచి కాగితం గానీ, భూమి రిజిస్టరు నకలు గానీ అడగండి.

లాయరుకు డబ్బు లేకపోతే జీగెన్ స్థానిక కోర్టులోనే సలహా చీటీ అడగవచ్చు. దాన్ని బెరాటుంగ్స్‌షైన్ అంటారు. జీతం చీటీ, బ్యాంకు స్టేట్‌మెంట్, అద్దె ఒప్పందం, వచ్చిన నోటీసు పట్టుకెళ్లాలి. ఆదాయం తక్కువని తేలితే లాయరు మీ దగ్గర 15 యూరోలకు మించి తీసుకోకూడదు.