మీడియం: ఒక ఆంగ్ల పదం, పలు అర్థాలు

‘మీ పిల్లవాడు ఏ మీడియం?’ ఇద్దరు తల్లిదండ్రులు కలిసిన చోట ఈ ప్రశ్న వినబడడం తెలుగు కుటుంబాలలో పరిపాటి. ఈ ప్రశ్నలో భాష పేరు లేదు, పాఠశాల పేరు లేదు, చదువు అన్న మాట సైతం లేదు. అయినా అడిగినవారికీ, విన్నవారికీ భావం విస్పష్టం. బోధన ఏ భాషలో సాగుతున్నదో తెలుపవలసిన పదం క్రమంగా విద్యార్థినే తెలిపే విశేషణమయింది. ‘ఆ అబ్బాయి తెలుగు మీడియం’ అన్నప్పుడు ఆ మాటలో ఒక అంచనా, ఒక్కొక్కప్పుడు కొంత జాలి కూడా ధ్వనిస్తాయి. నాలుగు శతాబ్దాలకు పైగా ఆంగ్లంలో ప్రచారంలో ఉన్న ఈ పదానికి ఇంతటి భారం ఎప్పుడు, ఎలా సంక్రమించిందో పరిశీలించడం తెలుగు పాఠశాలతో అనుబంధమున్న వారందరికీ ఉపయుక్తమే.

‘మీడియం’ లాటిన్ పదం. ‘నడిమిది’ అని దాని మూలార్థం. సంస్కృతంలోని ‘మధ్య’ శబ్దమూ, ఆంగ్లంలోని ‘మిడ్’ అన్న మాటా దీనికి జ్ఞాతులే. సంస్కృతం, గ్రీకు, లాటిన్ భాషలకు ఒకే మూలం ఉండాలని 1786లో కలకత్తాలో సర్ విలియం జోన్స్ చేసిన ప్రతిపాదనకు ఇటువంటి పదాలే బలం చేకూర్చాయి. కాబట్టి ‘మీడియం’కు ‘మాధ్యమం’ అన్న పేరు పెట్టినప్పుడు చిరకాలం క్రితం విడిపోయిన దాయాదులు మళ్లీ ఒక చోట కలిశారన్నమాట. తెలుగుకు సొంతమైన ‘నడుమ’ ఈ కుటుంబానికి చెందదు. తెలుగు సంస్కృతం నుండి పుట్టినది కాదనీ, తమిళ కన్నడాలతో కూడిన వేరొక కుటుంబానికి చెందినదనీ మద్రాసులో ఫ్రాన్సిస్ వైట్ ఎల్లిస్ 1816లో సోదాహరణంగా నిరూపించాడు. కాంప్‌బెల్ రచించిన తెలుగు వ్యాకరణ పీఠికకు అనుబంధంగా ఆ నిరూపణ వెలువడింది.

పదహారవ శతాబ్ది చివరిలో ఆంగ్లంలో ప్రవేశించిన ‘మీడియం’ రెండు దారులలో నడిచింది. మొదటిది పరిమాణానికి సంబంధించినది: ఎక్కువా కాదు, తక్కువా కాదు, నడితరం. రెండవది రెండు వస్తువుల నడుమ ఉండి ఒకదాని ప్రభావాన్ని రెండవదానికి చేర్చే పదార్థం లేదా సాధనం. భావాలు మాటలనే మీడియం ద్వారా వ్యక్తమవుతాయన్న అర్థంలో ఫ్రాన్సిస్ బేకన్ 1605లోనే ఈ పదాన్ని వాడాడు. చూపు కలగాలంటే వస్తువు, కన్ను, వాటి నడుమ మీడియం, ఈ మూడూ కావాలని రాబర్ట్ బర్టన్ 1621లో రాశాడు. భాషనూ, గాలినీ ఒకే పదంతో పేర్కొనడం ఆ కాలం నుండే ఉన్నది.

భౌతిక శాస్త్రంలో ఈ పదం చరిత్ర ఆసక్తికరమైనది. కాంతి ప్రసరించడానికి ‘ఈథర్’ అనే సూక్ష్మ పదార్థం విశ్వమంతటా నిండి ఉండాలని శాస్త్రజ్ఞులు చాలాకాలం భావించారు. 1887లో మైకెల్సన్, మోర్లీ జరిపిన ప్రయోగంలో దాని జాడ కనబడలేదు. 1905లో ఐన్‌స్టీన్ సిద్ధాంతం దాని అవసరమే లేదని తేల్చింది. కాంతి శూన్యంలోనూ ప్రయాణిస్తుంది. ధ్వనికి మాత్రం గాలియో, నీరో, లోహమో తప్పక ఉండాలి. తెలుగు పాఠ్యపుస్తకాలు ఈ సందర్భంలో ‘మాధ్యమం’ అనక ‘యానకం’ అన్నాయి. యానమంటే ప్రయాణం. దేనిగుండా తరంగం ప్రయాణిస్తుందో అది యానకం. తెలుగులో చదివిన విద్యార్థికి ఆ పేరులోనే పాఠం సగం బోధపడుతుంది.

చిత్రకారుని చేతిలో ఇదే పదానికి మరొక అర్థం వచ్చింది. రంగుపొడిని కలిపే నూనె, జిగురు వంటివి అతనికి మీడియం. ఒకే రంగు నూనెలో ఒక విధంగా, నీటిలో మరొక విధంగా కనబడుతుంది. అంటే ఇక్కడ మీడియం కేవలం మోసుకొని పోయే వాహనం కాదు, మోయబడే వస్తువు రూపాన్ని సైతం నిర్ణయించేది. సూక్ష్మజీవ శాస్త్రంలో ఈ అర్థం ఇంకా లోతుకు వెళ్లింది. జర్మనీలో రాబర్ట్ కోఖ్ ప్రయోగశాలలో 1880వ దశకం ఆరంభంలో సముద్రపు నాచు నుండి తీసిన అగర్‌తో సూక్ష్మజీవులను పెంచే పద్ధతి నెలకొన్నది. అటువంటి పోషక పదార్థాన్నీ మీడియం అనే వ్యవహరిస్తారు. జీవి ఏ ఆహారాన్ని గ్రహించి పెరుగుతుందో అదే దానికి మీడియం.

అమెరికాలో 1848లో ఫాక్స్ అక్కచెల్లెళ్లు పరలోకవాసులతో సంభాషిస్తున్నామని ప్రకటించిన తరువాత, మృతుల మాట తమ నోట పలికిస్తామనేవారికి ‘మీడియం’ అన్న పేరు స్థిరపడింది. గ్రామదేవతల జాతరలలో పూనకం వచ్చిన గణాచారి నోట అమ్మవారి పలుకు వినడం తెలుగు పల్లెలకు కొత్త కాదు. అయినా ఆ ఆంగ్ల పదం మాత్రం అటువైపు రాలేదు. వార్తాపత్రికను మీడియంగా పేర్కొనడం పద్దెనిమిదవ శతాబ్దిలోనే ఉన్నది. రేడియో వచ్చిన పిదప బహువచన రూపమైన ‘మీడియా’ ఇరవయ్యవ శతాబ్దిలో ప్రపంచమంతటా వ్యాపించింది. తెలుగులో అది ఏకవచనంగా స్థిరపడిపోయింది. ‘మీడియా చెప్పింది’ అనేవారే తప్ప ‘చెప్పాయి’ అనేవారు అరుదు.

పరిమాణార్థంలో ఈ పదం ఇంటింటికీ చేరింది. చొక్కా కొలతలలో మీడియం, క్రికెట్ బంతి వేగంలో మీడియం, రేడియోలో మీడియం వేవ్. 1948 డిసెంబరు 1న ప్రారంభమైన విజయవాడ ఆకాశవాణి కేంద్రం ఆ తరంగాల మీదనే తెలుగును వినిపించింది. సాగునీటి శాఖలో రెండు వేల నుండి పదివేల హెక్టార్ల వరకు ఆయకట్టు కలిగిన పథకాలు మీడియం పథకాలు. ప్రభుత్వ వ్యవహారంలో వాటిని ‘మధ్యతరహా’ అన్నారు. ఈ విధంగా ఆంగ్లంలోని ఒక్క పదానికి తెలుగు సందర్భాన్ని బట్టి మాధ్యమం, యానకం, మధ్యతరహా అని మూడు పేర్లు పెట్టింది. తెలుగులో చదివి కళాశాలలో ఆంగ్లబోధనకు మారిన విద్యార్థి మొదటి నెలలలో తడబడడానికి ఇదొక కారణం. అతనికి తెలియనిది విషయం కాదు. తనకు తెలిసిన మూడు మాటల స్థానంలో ఒకే మాట వచ్చి నిలబడడమే అతని ఇబ్బంది. ఆ తొలి తడబాటును అజ్ఞానమని పొరబడినప్పుడే ‘తెలుగు మీడియం’ అన్నది చిన్నచూపుగా మారుతుంది.

భారతదేశ విద్యాచరిత్రలో ఈ పదం స్థానం ప్రత్యేకమైనది. 1835 ఫిబ్రవరి 2న మెకాలే సమర్పించిన ప్రసిద్ధ నివేదిక పాలకులకూ, కోట్లాది ప్రజలకూ నడుమ దుబాసీలుగా నిలువగల ఒక వర్గాన్ని తయారు చేయాలన్నది. అంటే మనుషులనే మీడియంగా మలచడం దాని ఉద్దేశం. పందొమ్మిది సంవత్సరాల తరువాత, 1854 జూలైలో, చార్లెస్ వుడ్ పంపిన విద్యా తాఖీదు దృష్టి కొంత భిన్నమైనది. ఐరోపా విజ్ఞానాన్ని వ్యాప్తి చేయడానికి ఆంగ్లమూ, దేశభాషలూ కలిసి సాధనాలు కావాలని అది భావించింది. అక్కడ వాడిన పదం ఏకవచనమైన ‘మీడియం’ కాదు, బహువచనమైన ‘మీడియా’. ఉన్నత విద్యకు ఆంగ్లం, సామాన్య ప్రజల విద్యకు దేశభాషలు అన్న తారతమ్యం అందులో ఉన్న మాట నిజమే. అయినా రెండూ ఒకే కార్యానికి తోడ్పడేవిగా ఆ వాక్యంలో పక్కపక్కనే నిలిచాయి. ఉద్యోగాలు ఆంగ్లాన్ని ఆశ్రయించిన కొద్దీ ఆ బహువచనం మరుగున పడింది. ‘ఏవి?’ అన్న ప్రశ్న పోయి ‘ఏది?’ అన్న ప్రశ్న మిగిలింది.

ఆంగ్లం కానంత మాత్రాన మాధ్యమం మాతృభాష అయిపోదన్న సత్యాన్ని హైదరాబాదు సంస్థానం తెలియజెప్పింది. 1918లో స్థాపించిన ఉస్మానియా విశ్వవిద్యాలయం ఒక భారతీయ భాషలో ఉన్నత విద్య సాధ్యమని చాటిన మహత్తర ప్రయత్నం. అయితే ఆ భాష ఉర్దూ. తెలుగు, మరాఠీ, కన్నడం మాట్లాడే విద్యార్థులకు అదీ నేర్చుకోవలసిన భాషే. తెలుగులో ఉన్నత విద్యకు కావలసిన పుస్తకాల కొరకు తెలుగు అకాడమి 1968లో గాని ఏర్పడలేదు.

ఈ చరిత్రలో గిడుగు వెంకట రామమూర్తి పంతులు స్థానం విశిష్టమైనది. 1880లో ఉపాధ్యాయ వృత్తి చేపట్టి పర్లాకిమిడిలో దశాబ్దాల పాటు పనిచేసిన ఆయన, వ్యావహారిక భాషోద్యమానికి పూర్వమే పరిసరాల కొండలలో నివసించే సవరల భాషను నేర్చుకున్నారు. సవర పిల్లలకు వారి భాషలోనే చదువు చెప్పాలని వాచకాలు సిద్ధం చేశారు, స్వంత ఖర్చుతో బడి నడిపారు. 1931లో ఆయన సవర భాషా వ్యాకరణ గ్రంథం, 1938లో నిఘంటువు వెలువడ్డాయి. సవరకు తెలుగుతో బంధుత్వం లేదు. అది ముండా కుటుంబానికి చెందిన భాష. తన భాష కాని భాషలో, తన వారు కాని పిల్లల కొరకు ఆయన ఇంత శ్రమించారు. బడిలోని తెలుగు ఇంటి తెలుగుకు దగ్గరగా ఉండాలన్న ఆయన ఉద్యమం వెనుక ఉన్న సూత్రమూ ఇదే: తెలిసిన దానిని ఆధారం చేసుకొని తెలియని దానిని నేర్పాలి. 1936 ఏప్రిల్ 1న ఒరిస్సా ప్రత్యేక రాష్ట్రమై పర్లాకిమిడి అందులో చేరిన సందర్భంలో ఆయన ఆ ఊరు విడిచి రాజమహేంద్రవరం చేరారు. సరిహద్దు మారితే భాష గతి ఏమవుతుందో ఆయనకు స్వానుభవం.

స్వాతంత్ర్యానంతరం ఆ అనుభవం లక్షలాది కుటుంబాలకు విస్తరించింది. 1949 ఆగస్టులో రాష్ట్రాల విద్యామంత్రుల సమావేశం ఒక తీర్మానం చేసింది. ప్రాంతీయ భాష కంటె భిన్నమైన మాతృభాష గల విద్యార్థులు పాఠశాలలో 40 మంది గాని, తరగతిలో 10 మంది గాని ఉంటే ప్రాథమిక దశలో వారి భాషలో బోధించే ఉపాధ్యాయుని నియమించాలన్నది దాని సారాంశం. రాష్ట్రాల పునర్విభజనతో పాటు 1956లో రాజ్యాంగానికి 350-ఎ అధికరణం చేరి, భాషాల్పసంఖ్యాకుల పిల్లలకు ప్రాథమిక దశలో మాతృభాషలో బోధన సదుపాయాలు కల్పించే బాధ్యతను రాష్ట్రాలపై ఉంచింది. కర్ణాటకలో, తమిళనాడులో, ఒడిశాలో, మహారాష్ట్రలో తెలుగువారు కోరిన తరగతులకు ఈ అధికరణమే ఆధారం. 2009 నాటి విద్యాహక్కు చట్టం సాధ్యమైనంత వరకు బోధనమాధ్యమం మాతృభాషగా ఉండాలన్నది.

కర్ణాటక రాష్ట్ర వివాదంలో 2014 మే 6న సుప్రీంకోర్టు ఇచ్చిన తీర్పు ఈ ప్రశ్నను మరొక మలుపు తిప్పింది. పిల్లవాని మాతృభాష ఏదో నిశ్చయించవలసినవారు తల్లిదండ్రులే. ప్రాథమిక దశలో మాతృభాషనే మాధ్యమంగా స్వీకరించవలసిందని ప్రభుత్వం నిర్బంధించరాదు. ఆంధ్రప్రదేశ్‌లో ప్రభుత్వ పాఠశాలలను ఆంగ్ల మాధ్యమానికి మార్చడానికి 2019లో వెలువడిన ఉత్తర్వులను 2020 ఏప్రిల్‌లో హైకోర్టు కొట్టివేసినప్పుడు సైతం చర్చ ఎంపిక స్వేచ్ఛ చుట్టూనే తిరిగింది. చట్టం కల్పించిన సదుపాయం ఇంటి నుండి పిల్లవాడు వచ్చినప్పుడే సార్థకం. తరగతికి పదిమంది లేకపోతే 1949 నాటి సంఖ్యకు అర్థం ఉండదు. తెలుగు మాధ్యమ భవిష్యత్తు ఇప్పుడు శాసనసభల కంటె తెలుగువారి ఇళ్లలోనే ఎక్కువగా నిర్ణయమవుతున్నది.

తల్లిదండ్రుల ఆందోళన అకారణమైనది కాదు. రాష్ట్రం వెలుపల పెరిగే తెలుగు బాలునికి ఇంటిలో తెలుగు, వీధిలో ప్రాంతీయ భాష, ఉద్యోగానికి ఆంగ్లం అవసరం. ఒకదాని కొరకు మరొకదానిని వదలుకోవాలనిపించడం సహజం. అయితే ఈ పదం నాలుగు వందల ఏండ్ల చరిత్ర చెప్పేది అది కాదు. మీడియం కేవలం ఒక గొట్టం వంటిదైతే ఏ గొట్టమైనా ఒక్కటే. చిత్రకారుని నూనె వంటిదైతే, సూక్ష్మజీవిని పోషించే పదార్థం వంటిదైతే, తొలి ఏండ్లలో పిల్లవాని ఆలోచన దేనిలో పెరుగుతున్నదన్నది ప్రధానం. ఆ పునాది మీద రెండవ భాష, మూడవ భాష నిలుస్తాయి. తెలుగు మాధ్యమంలో చదివి ఆంగ్లంలో వృత్తివిద్యలు నేర్చినవారు ప్రతి తెలుగు పాఠశాల పూర్వ విద్యార్థులలోనూ కనబడతారు.

డెబ్బది ఐదు సంవత్సరాలు నిలిచిన పాఠశాల ఈ పదం మూలార్థానికి తానే ఒక ఉదాహరణ. ఒక తరానికీ మరొక తరానికీ నడుమ, సొంత గడ్డకూ ఆశ్రయమిచ్చిన గడ్డకూ నడుమ, ఇంటిభాషకూ లోకభాషకూ నడుమ అది నిలిచింది. 1854లో ఒక వాక్యంలో పక్కపక్కనే నిలిచిన భాషలను ఒక తరగతి గదిలో పక్కపక్కనే నిలపడం దాని నిత్యకృత్యం. ‘ఏ మీడియం?’ అన్న ప్రశ్నకు సరియైన సమాధానం బహువచనంలో ఉన్నది. అయితే ఆ వరుసలో మొదటిది తెలుగు కావలసి ఉన్నది.