వెన్నెలను కల్పించిన ఛాయాగ్రాహకుడు: మార్కస్ బార్ట్లే



భరతముని అభినయమును ఆంగికము, వాచికము, ఆహార్యము, సాత్త్వికము అని నాలుగు విధములుగా విభజించి యున్నాడు. చలనచిత్రమునకు ఈ నాలుగును చాలవు. వెలుగు అను నైదవ యభినయము కావలసి వచ్చినది. నటుడు కన్నీరు విడిచినను ఆ బిందువుపై కాంతి పడనిచో ప్రేక్షకుడు దానిని చూడజాలడు. ఇంత పని చేయు ఛాయాగ్రాహకుని పేరు తెరపై క్షణకాలము మెరసి మాయమగును. జనులు నటుల పేళ్లు వల్లింతురు గాని కెమెరా వెనుక నిలిచినవాని నెరుగరు. అట్టివారిలో అగ్రగణ్యుడు మార్కస్ బార్ట్లే.

ఆయన 1917లో ఆంగ్లో ఇండియన్ కుటుంబమున జన్మించెను. బి. ఎన్. రెడ్డిగారి ‘స్వర్గసీమ’ (1945)కు ఛాయాగ్రహణము నెరపెను. తరువాత మదరాసులో నాగిరెడ్డి చక్రపాణుల విజయా సంస్థయందు ‘షావుకారు’ (1950), ‘పాతాళభైరవి’ (1951), ‘మిస్సమ్మ’ (1955), ‘మాయాబజార్’ (1957), ‘గుండమ్మ కథ’ (1962) చిత్రములకు పనిచేసెను. వీనిలో ‘పాతాళభైరవి’ 1952లో మన దేశమున జరిగిన మొదటి అంతర్జాతీయ చలనచిత్రోత్సవమున ప్రదర్శింపబడినది.

‘మాయాబజార్’లోని నౌకావిహార ఘట్టమును చూడనివారు మనలో అరుదు. ఆ చిత్రము నలుపు తెలుపులది. నిజమైన చంద్రకాంతి ఆనాటి ఫిల్మునకు చాలదు గనుక వెన్నెలను మనుష్యుడే కల్పింపవలెను. కాంతి మించెనా పగలగును. తగ్గెనా చీకటి యగును. అలలు తళతళలాడవలెను, ముఖములు మృదువుగా గోచరింపవలెను, ఆకాశము మాత్రము నల్లబడవలెను. సిర్గాపూరు పొలములపై పున్నమి వెన్నెలను చూచుచు పెరిగిన మనమును దానిని కృత్రిమమని యెంచజాలము. ఆ చిత్రముననే భక్ష్యములు తమంతట తామే ఘటోత్కచుని నోట పడును. కంప్యూటర్లు చలనచిత్రరంగమున ప్రవేశింపని కాలమది!

‘మాయాబజార్’ తమిళమునను నిర్మింపబడినది. సంభాషణలు మారినవి గాని వెన్నెల మారలేదు. వెలుగునకు భాష లేదు గదా! రాము కారియాట్ దర్శకత్వమున 1965లో వెలువడి రాష్ట్రపతి స్వర్ణపతకము పొందిన మలయాళ వర్ణచిత్రము ‘చెమ్మీన్’కును ఆయన ఛాయాగ్రహణము కలదు. 1969 నాటి తమిళ చిత్రము ‘శాంతినిలయం’ ఆయనకు జాతీయ పురస్కారమును సంపాదించి పెట్టెను. 1993లో ఆయన కీర్తిశేషుడయ్యెను.

ఈ కళకు గౌరవ మెంత యాలస్యముగా లభించినదో చూడుడు. 1969లో ఆరంభమైన దాదాసాహెబ్ ఫాల్కే పురస్కారము కేవలము ఛాయాగ్రహణమున కృషిచేసినవానికి తొలుత దక్కినది 2008వ సంవత్సరమునకు. గ్రహీత మైసూరువాడైన వి. కె. మూర్తి.

తెలుగువారికి వెన్నెలను చూపిన బార్ట్లే తెలుగుకులమున బుట్టినవాడు కాడు. విద్య పుట్టుక నడుగదు, సాధన నడుగును. మన పిల్లలు పట్టము పుచ్చుకొని కచ్చేరి యుద్యోగము చేయుటయే ఘనతయని తలంచుట తగదు. కెమెరా పట్టగోరు బాలుని, దీపవిద్య నేర్వగోరు బాలికను చులకన చేయకుడు. పోషకులు తమ విద్యార్థివేతనములలో ఒక్కటియైనను ఇట్టి విద్యలకై కేటాయింతురు గాక. తెర వెనుక నిలిచినవానిని గుర్తించిననాడే తెరపై మనము చూచిన దానికి విలువ కట్టినవారమగుదుము.