ఇంటివారికి అందని బిడ్డ

తూర్పు హైదరాబాదున ఉప్పల్, నాచారముల నడుమ నివసించు మాబోటివారికి రెండు విధముల ఇండ్లు పరిచయమే. ఉప్పల్ రోడ్డున 1961లో నెలకొన్న జాతీయ భూభౌతిక పరిశోధన సంస్థ యున్నది. అదే రోడ్డున 1987లో జాతికి అంకితమైన సి.సి.ఎం.బి. యున్నది. నాచారము వైపున కర్మాగారములు. శాస్త్రజ్ఞుని బిడ్డ పెద్ద తరగతి లెక్క చేసినచో ఎవరును విస్తుపోరు. షిఫ్టు దిగి వచ్చిన తండ్రి యెదుట బిడ్డ అదే లెక్క చేసినచో ఇంటిల్లిపాదికిని మొదట గర్వము, వెంటనే కొంత బెరుకు.

ఈ రెండవ యింటి కథనే అమెరికా టెలివిజను హాస్యనాటికగా నడపినది. లిన్‌వుడ్ బూమర్ సృష్టించిన ‘మాల్కమ్ ఇన్ ది మిడిల్’ 2000 జనవరిలో ఆరంభమై 2006 మే వరకు 151 భాగములు సాగెను. తల్లి లోయిస్ దుకాణములో పనిచేయును. తండ్రి హాల్‌ది చాలీచాలని ఉద్యోగము. చిల్లులు పడిన ఇంటి ఖర్చులు, ఇరుకు గది, కొట్లాడుకొను అన్నదమ్ములు. వారి నడుమ మాల్కమ్ అసాధారణ మేధావి యని పరీక్షలో తేలును. అంతట వానిని తక్కిన పిల్లల నుండి విడదీసి వేరొక తరగతిలో కూర్చుండబెట్టిరి. బడియంతయు ఆ తరగతిని గేలిచేయును. వాడు తరచుగా కెమెరా వైపు తిరిగి మనతోనే మాటలాడును. ఇది నవ్వించుటకు పన్నిన ఉపాయమే కావచ్చును. మాకు మాత్రము, ఇంట వినువాడు లేని బాలుని మాటవలె తోచినది.

ఇట్టి పిల్లలు రోగిష్ఠులు, వింత ప్రకృతి గలవారు అను నమ్మకము పూర్వము పాశ్చాత్యులలో ఉండెను. దానిని పరీక్షింపదలచి లూయీ టెర్మన్ 1921లో కాలిఫోర్నియాలో అధ్యయనమారంభించి, సుమారు 1,500 మంది బాలబాలికల జీవితములను గమనించెను. మొత్తము మీద వారు ఆరోగ్యవంతులే యని తేలినది. లీటా హాలింగ్‌వర్త్ అంతటితో తృప్తి చెందలేదు. ఆమె మరణానంతరము 1942లో వెలువడిన గ్రంథములో, ప్రజ్ఞాంకము 125 మొదలు 155 వరకు గల పిల్లలకు స్నేహములు సులభమనియు, అంతకు చాల పైనున్నవారికి ఈడు పిల్లలతో ఆట కుదరదనియు వివరించెను. నాటికలో మాల్కమ్ ప్రజ్ఞాంకము 165.

అయితే అంకెయే అంతయు కాదు. 1930లో శంకరగుప్తమున జన్మించిన మంగళంపల్లి బాలమురళీకృష్ణ పసికందుగా నున్నప్పుడే తల్లిని కోల్పోయెను. బడిచదువు తొందరలోనే ఆగిపోయెను. ఎనిమిదేండ్లకే విజయవాడలో త్యాగరాజ ఆరాధనోత్సవమున కచేరి చేసెను. మురళీకృష్ణ యను పేరునకు ముందు ‘బాల’ చేరినది ఆ బాల్యప్రతిభ వలననే. తరువాత ఆకాశవాణిలోను పనిచేసిన ఆ విద్వాంసుని గళము మన రేడియో ఇండ్లకు ఆత్మీయమైనది. తల్లి లేని ఆ యింట కష్టములు లేకపోలేదు. కాని తండ్రి పట్టాభిరామయ్య స్వయముగ సంగీతజ్ఞుడు; బిడ్డ ఆలపించినది ఏ రాగమో ఆయనకు తెలియును. ఆపై పారుపల్లి రామకృష్ణయ్య పంతులు వంటి గురువు దొరకెను. హాల్‌కు కొడుకుపై ప్రేమకు కొదువ లేదు, వాని మనస్సులో మెదలునదేమో మాత్రము పట్టుబడదు. నాచారమున షిఫ్టు దిగి వచ్చు తండ్రి తల నిమిరి ఊరకుండుటయు ఇట్టిదే.

నాటికలో మమ్ము మిక్కిలి కదిలించినది తమ్ముడు డ్యూయీ ఘట్టము. వానికిని సంగీతమున అపూర్వ ప్రతిభ కలదు. తాను పడిన వెలి తమ్మునికి రాకూడదని మాల్కమ్ పరీక్షలో వానిని తప్పింపజూచును. ఆ యెత్తు వికటించి, డ్యూయీని మనోవైకల్యము గల పిల్లల తరగతిలో వేయుదురు! చిత్రమేమన, ఆ పిల్లలకు వాడే క్రమముగా పెద్ద దిక్కగును.

లోయిస్ కేకలు కొన్ని చోట్ల మోతాదు మించినవనుట నిజము. అయినను కడపటి భాగములో ఆమెకు కేకలు వేయ నధికారము కలదనిపించినది. మంచి జీతము గల ఉద్యోగమొకటి మాల్కమ్‌ను వెదకికొని వచ్చును. తల్లి దానిని చేజేతుల చెడగొట్టును. నీవు దేశాధ్యక్షుడవు కావలెను, పేదల కడగండ్లు ఎరిగిన అధ్యక్షుడవు కావలెను, కనుక కష్టపడియే పైకి రావలెనని కుండబద్దలు కొట్టును. తన బ్రతుకు ఇంటివారందరును ముందే నిశ్చయించియుండిరని వాడు అప్పుడు గ్రహించును. హార్వర్డులో చేరి, చదువు సాగించుటకై అక్కడనే నేల తుడుచు పనికి కుదురును.