రిల్లుమరెయ్ సినిమా పుట్టిన కథ

1951లో ఫిన్లాండ్ థియేటర్లకు ఒక సినిమా వచ్చింది. పేరు 'రోవానియెమెన్ మార్క్కినొయిల్లా', అంటే 'రోవానియెమి సంతలో'. లాప్‌లాండ్‌లో బంగారం వెతకడానికి ఉత్తరాదికి బయలుదేరిన మిత్రుల కథ అది. మధ్యమధ్య అకార్డియన్, పాటలు, అల్లరి. దర్శకుడు యోర్మా నోర్తిమో. రచయిత రెయినో హెలిస్మా తెర మీదా కనిపించాడు. సినిమా పేరిటే ఉన్న పాటలో 'రిల్లుమరెయ్' అనే అర్థంలేని ఊతపదం పదేపదే వస్తుంది. ఆ తరహా సినిమాలన్నిటికీ చివరికి అదే పేరు స్థిరపడింది. విమర్శకుల నోట అదొక తిట్టు కూడా అయింది.

హెలిస్మా 1913లో హెల్సింకిలో పుట్టాడు. జనం ఆయన్ని ముందు పాటల రచయితగానే ఎరుగుదురు. 1949లో ఆయన రాసి, బాణీ కట్టిన 'పైవాన్‌సాదె య మెన్నింక్యాయినెన్' పాటను తపియో రౌతవారా పాడాడు. అంతకు ముందటేడే లండన్ ఒలింపిక్స్‌లో జావెలిన్ త్రోలో బంగారు పతకం గెలిచినవాడీ రౌతవారా. ఆ పాటలో, సాయంత్రం వెళ్లిపోతున్న చివరి సూర్యకిరణం ఒక చీకటి మరుగుజ్జుకు ఎదురుపడుతుంది. అతను మనసు పారేసుకుంటాడు. కానీ చీకట్లో ఆమె బతకదు, వెలుగులో అతను నిలవలేడు. కొద్ది నిమిషాల పాటలో రెండు పాత్రలు, ఒక కోరిక, దాటలేని అడ్డంకి అన్నీ ఇమిడిపోయాయి. హెలిస్మాలోని కథకుడు అప్పటికే తయారైపోయాడనడానికి ఇంతకన్నా సాక్ష్యం అక్కర్లేదు.

సినిమా రచనకు ఆయన బడి మాత్రం వేదికే. రౌతవారాతో, అకార్డియన్ వాయించే హాస్యనటుడు ఎసా పకరినెన్‌తో కలిసి ఊరూరా తిరిగి ప్రదర్శనలిచ్చాడు. ఏ మాటకు జనం నవ్వుతారో, ఏ పాటకు గొంతు కలుపుతారో అక్కడే చెవికెక్కింది. అందుకే ఆయన స్క్రిప్టుల్లో కథ సన్నగా ఉంటుంది. ఒక్కో సన్నివేశం మాత్రం విడిగా తీసినా నిలబడుతుంది. బాణీలు ఎక్కువగా తోయివో క్యార్కివి.

ఆ రోజులు ఎలాంటివో గుర్తు పెట్టుకోవాలి. 1944 అక్టోబరులో వెనక్కి మళ్లిన జర్మన్ సేనలు రోవానియెమిని దాదాపు పూర్తిగా తగలబెట్టాయి. మొదట 30 కోట్ల డాలర్లుగా నిర్ణయించి తర్వాత తగ్గించిన యుద్ధ పరిహారాన్ని సోవియట్ యూనియన్‌కు సరుకుల రూపంలో చెల్లించడం 1952 దాకా సాగింది. బూడిదైన ఆ ఊరి పేరు పెట్టి ఏడేళ్లకే సంత సంబరం చూపించడం చిల్లర పని కాదు. అలసిపోయిన జనానికి అది కావలసిందే. మేధావులకు మాత్రం అది మోటుగా, చవకబారుగా తోచింది. హెలిస్మా వెనక్కి తగ్గలేదు. 1954లో ఆయన రాసిన ఒక సినిమాకు 'హెయ్, రిల్లుమరెయ్!' అనే పేరే పెట్టారు.

ఆయన కలం ఎక్కువగా కదిలింది 'పెక్కా పూపా' సినిమాల్లో. ఒలా ఫోగెల్‌బెరి 1925 నుంచి సహకార ఉద్యమ పత్రికలో గీసిన బొమ్మల కథ అది. సువోమెన్ ఫిల్మితెఒల్లిసూస్ సంస్థ 1953 నుంచి 1960 దాకా దాన్ని పదమూడు సినిమాలుగా తీసింది. పొడుగాటి పెక్కాగా పకరినెన్, పొట్టి ప్యాత్కాగా మాసా నియెమి, చేతిలో అప్పడాల కర్రతో సిద్ధంగా ఉండే భార్య యుస్తీనాగా సీరి అంగెర్‌కోస్కి. చాలావాటికి దర్శకుడు ఆర్మండ్ లోహికోస్కి. హెలిస్మా వీళ్లను కాలంతోపాటు నడిపించాడు. ఎవరెస్టును జయించిన మరుసటేడు, 1954లో, ఇద్దరినీ మంచుమనిషి జాడ వెతకడానికి పంపాడు. 1955లో ఆడవేషం కట్టించి హెల్సింకి పార్కులో పిల్లల్ని చూసుకునే ఆయాలను చేశాడు. నగరంలో అలాంటి ఆయాలు నిజంగానే ఉండేవారు. అందుకే చూసినవాళ్లకు ఇద్దరూ పడ్డ చిక్కు వెంటనే అర్థమయ్యేది. నాకు ఆయన నేర్పు అక్కడే బాగా కనిపిస్తుంది: ఎరిగిన వీధిలోకి ఎరిగిన మనుషుల్ని తప్పు వేషంలో దించడం.

1960లో మాసా నియెమి మరణంతో ఆ వరుస ఆగింది. ఈలోగా టీవీ ఇళ్లలోకి వచ్చి థియేటర్లను ఖాళీ చేయసాగింది. హెలిస్మా 1965 జనవరిలో కన్నుమూశాడు. అదే ఏడు నిర్మాణ సంస్థ దివాలా తీసింది. సినిమాలు మాత్రం టీవీలో మళ్లీ మళ్లీ వస్తూ కొత్త తరాలకు చేరాయి. 1996లో మత్తి పెల్తొనెన్ సంపాదకత్వంలో 'రిల్లుమరెయ్ య వలిస్తుస్' అనే పుస్తకం వెలువడింది. ఈ సినిమాల మీద యాభైల్లో రేగిన గొడవను చరిత్రకారులు అందులో తీరిగ్గా పరిశీలించారు. మూడేళ్లకు తిమో కోయివుసలో రౌతవారా, హెలిస్మాల స్నేహాన్నే సినిమాగా తీశాడు.